బతికిన పెంటయ్య

హరికథ నేర్చుకుంటామని ఎవరు వచ్చినా సూరన్నదాసు గారు ముందు గొంతు వినేవారు కాదు, పేరు అడిగేవారు. చెప్పాక, "ఎవరు పెట్టారు నాయనా?" అనేవారు. ఇంటిపేరు చెబితే అది ఊరిని బట్టి వచ్చిందా, చేసిన పనిని బట్టి వచ్చిందా, ఏ తాతకో తగిలించిన ఎగతాళి పేరా అని ఆరా తీసేవారు. ఒకసారి గొడుగు వారి కుర్రవాడొకడు, మా తాతలు రాజుగారికి గొడుగు పట్టారండీ అని ఛాతీ విరుచుకుని చెప్పాడు. "నీడలో ఉన్నది రాజుగారు. ఎండలో నిలబడినవాడు మీ తాత. అది గుర్తు పెట్టుకుని పాడు," అన్నారు దాసుగారు. చాలామందికి తమ పేరు సంగతి తెలిసేది కాదు. రోజూ మోస్తున్నదాన్ని ఎక్కడిదో తెలుసుకోవద్దా అని నవ్వి, అప్పుడు శ్రుతిపెట్టె దగ్గరికి జరగమనేవారు. చదువు ముగిసి తొలికథకు గజ్జె కట్టేనాడు శిష్యుడికి చివర 'దాసు' చేర్చి కొత్త పేరు పెట్టడం ఆయన ఇంట ఆచారం.

పొట్నూరు పెంటయ్య ఆ రోజు కోసమే కాచుకుని ఉన్నాడు. కథ నేర్చుకోవడం ఒక ఎత్తు, ఆ పేరు వదిలించుకోవడం ఒక ఎత్తు అతనికి. పొట్నూరు అన్నది వాళ్ళ ముత్తాతలు వదిలివచ్చిన ఊరు. దాన్ని ఎవరూ ఏమీ అనలేదు. పెంటయ్య అనేసరికి మాత్రం బడిలో పంతులు మొదలు ముక్కు మూసుకోనివాళ్ళు లేరు. మన జనానికి ఎదుటివాడి పేరంత చవకైన వినోదం మరొకటి లేదు. తనకు ముందు పుట్టిన పిల్లలెవరూ దక్కలేదని, అందుకే తనను పెంట మీద వేసి ఎత్తుకున్నారని అమ్మ చెప్పగా అతనికి తెలుసు. తెలిసినంత మాత్రాన నవ్వులు తగ్గవు కదా.

ఆ ఏడు అతని తొలికథ పట్నంలో, శ్రీరామనవమి పందిట్లో కుదిరింది. పందిరి పెద్ద వెంకటరత్నం గారు బియ్యం వర్తకుడు, మర్యాదస్తుడే. కానీ కరపత్రాలు అచ్చు వేయించే వేళకు కబురు చేశారు. పెద్దలు కూర్చునే సభలో ఆ పేరు పలకలేమనీ, చెవికి ఇంపైన పేరు పెట్టించుకుని వస్తేనే కథ అనీ, లేకపోతే మరో దాసును పిలుచుకుంటామనీ. అందాకా కరపత్రంలో 'సూరన్నదాసు గారి శిష్యులు' అని మాత్రం వేయించారు.

పెంటయ్య ఆ కబురు మోసుకుని గురువు ఎదుట కూర్చున్నాడు. "గురువుగారూ, పేరున్నది మనిషిని పిలవడానికే కదా. పిలిచినప్పుడల్లా తలదించుకోవలసిన పేరు మనిషికి ఎందుకు? నాకు మంచి పేరు పెట్టండి. పాతది ఇక్కడే వదిలేసి వెళ్తాను."

దాసుగారు చిడతలు తుడుచుకుంటూ విన్నారు. "రేపు బయలుదేరాలిగా. దారిలో చూద్దాం," అన్నారు.

నవమికి ముందునాడు ఇద్దరూ పొద్దున్నే నడక సాగించారు. బస్సు ఆగే కూడలికి ముందు ఒక ఊరు దాటాలి. ఆ ఊళ్ళో ఒక పెరట్లో ఆడవాళ్ళు గుమిగూడి ఉన్నారు. పెంటకుప్ప పక్కన గోనెపట్టా మీద ఒక చేట, చేటలో పాతగుడ్డ చుట్టిన పసిగుడ్డు. కాస్త ఎడంగా, గుమ్మం మెట్టు మీద, బిడ్డ వైపు వీపు పెట్టి తల్లి కూర్చుని ఉంది. ఆమె పేరు సన్యాసమ్మ. అంతకుముందు కన్న బిడ్డలెవరూ ఆమెకు మిగల్లేదు. అందుకే ఈ బిడ్డ తనది కానట్టు, ఎవరో పారేసిపోతే దొరికినట్టు తతంగం జరుగుతోంది. బయటివాడెవడో ఎత్తాలి, అమ్మకానికి పెట్టాలి, తల్లి చేటెడు తవుడు పోసి కొనుక్కోవాలి. అంత చవకగా వచ్చినదాని మీద ప్రాణాలు తీసుకుపోయేవాడికి కూడా ఆశ పుట్టదని వాళ్ళ నమ్మకం.

కానీ ఎత్తేవాడు లేక అంతా ఆగిపోయి ఉంది. ఎండెక్కుతోంది, ఎవరో ఒకరు ఎత్తేయండర్రా అని ఒకామె విసుక్కుంది.

సన్యాసమ్మ ఇటు తిరగకుండానే, "ఎవులంటే ఆళ్ళు కాదు. పెంటయ్యే ఎత్తాల. బతికిన పెంటయ్య," అంది. పక్క ఊళ్ళో ఆ పేరు గల మనిషి ఒకడున్నాడట. కబురు పంపితే, ఇటుకబట్టీ పనికి ఎక్కడికో వెళ్ళిపోయాడని తెలిసింది. అయినా ఆమె పట్టు వదలడం లేదు.

చేట దగ్గర కూర్చున్న ఆమె అత్తగారు దాసుగారి నుదుటి నామం చూసి లేచి దణ్ణం పెట్టింది. "తవరి పేరేటి బావూ?"

"సూరన్నదాసు అంటారమ్మా."

"ఆ ఎనకాల బావు పేరో?"

శిష్యుడు అందరికీ కనబడేలా దాసుగారు పక్కకు జరిగి నిలబడ్డారు, అంతే.

పెంటయ్యకు అబద్ధమాడడం ఎంతసేపు. అసలు ముందురోజంతా మనసులో మంచి మంచి పేర్లు కట్టి విప్పి చూసుకున్నాడు కూడా. వాటిలో ఒకటి చెప్పి దారినపడితే అడిగేవాళ్ళెవరు? కానీ చేటలో ఉన్నది కాళ్ళు కొట్టుకుంటోంది. నేల చూపులు చూస్తూ ఏదో గొణిగాడు.

"ఇనబడనేదు బావూ."

"పెంటయ్య," అన్నాడు.

ఎవరూ నవ్వలేదు. బుద్ధెరిగాక ఆ పేరు చెప్పి నవ్వు వినకపోవడం అతనికి అదే మొదలు. సన్యాసమ్మ అటు తిరిగి ఉండాలన్న నియమం మరిచి గిర్రున తిరిగింది. అతణ్ణి పాదాల నుంచి తల దాకా చూసింది. "ఓలమ్మ, ఎంత పొడుగున్నాడో," అంది. ఆ తర్వాత ఆడవాళ్ళను ఆపడం ఎవరి తరమూ కాలేదు. తట్టు పోసిందా అని ఒకరు, చిన్నప్పుడు మీయమ్మ ఏం పెట్టి పెంచింది అని ఒకరు, పెళ్ళయిందా అని ఇంకొకరు. ఒక ముసలామె అయితే జబ్బ పట్టుకుని నొక్కి చూసి, గట్టివాడేనని అందరికీ చాటింది. సంతలో కోడెదూడను చూసినట్టు తనను చూస్తుంటే పెంటయ్యకు సిగ్గూ వేసింది, నవ్వూ వచ్చింది. ఆ వెనకే వాళ్ళమ్మ గుర్తొచ్చింది. ఆవిడా ఒకనాడు ఇలాగే ఏ గుమ్మంలోనో వీపు తిప్పుకుని కూర్చుని ఉంటుంది. అది తోచేసరికి కళ్ళనిండా నీళ్ళు వచ్చాయి. వాటిని అతను తుడుచుకోలేదు.

వంగి బిడ్డను ఎత్తుకున్నాడు. వాడు ఊరంతా వినబడేలా గుక్కపట్టి ఏడ్చాడు. అత్తగారు మురిసిపోయింది. "ఇప్పుడు పేరెట్టి పిలు బావూ. గట్టిగా పిలు. ఆడికి ఇనబడాల," అంది. ఎవడికి అని ఎవరూ అడగలేదు.

మైకు లేకుండా మైదానం చివరిదాకా వినిపించాలని గురువు ఏళ్ళ తరబడి సాధన చేయించిన గొంతు అది. "పెంటయ్య. పెంట మీద దొరికాడు. కొనేవాళ్ళున్నారా?" అన్నాడు. దూరాన చేలల్లో ఉన్నవాళ్ళు తలెత్తి చూశారు.

"నాను కొంటాను," అంటూ సన్యాసమ్మ పరుగున వచ్చింది. అతని ఉత్తరీయంలో చేటెడు తవుడు గుమ్మరించి బిడ్డను లాక్కుంది. "నాకేటీ పుట్టనేదు. ఇది కొనుక్కున్నది," అని ఆకాశం వైపు చూసి చెప్పింది. చెబుతూనే వాణ్ణి ఎంత గట్టిగా హత్తుకుందంటే, నలిపీకే అని అత్తగారు కసరవలసి వచ్చింది.

బస్సులో ఎవరో తవుడు మూట కింద పెట్టమంటే పెంటయ్య పెట్టలేదు. పట్నంలో దిగిన ఇంటివారి ఆవుకు ఆ తవుడు పెట్టి, మర్నాడు ఆ ఉత్తరీయమే నడుముకు బిగించి కథకు నిలబడ్డాడు.

పందిరి కిటకిటలాడుతోంది. వెంకటరత్నం గారు మైకు చేత్తో మూసి, "ఏం పేరు పెట్టారు?" అని దాసుగారిని అడిగారు. వాణ్ణే చెప్పనివ్వండి అన్నారు దాసుగారు. వెంకటరత్నం గారికి అనుమానం వచ్చింది గాని, అప్పటికే మైకు చేతులు మారింది.

"నా పేరు పొట్నూరు పెంటయ్య," అన్నాడు అతను.

ముందు కుర్చీల్లో కిసుక్కుమన్నారు. నవ్వు మెల్లగా వెనక్కి పాకింది. అతను వాళ్ళను నవ్వుకోనిచ్చాడు. ఆ తర్వాత మైకు పక్కన పెట్టి, గజ్జె ఒక్కసారి ఘల్లుమనిపించి, శ్రుతిలో పైకి వెళ్ళి, "వెనకున్న తల్లులకు వినబడలేదేమో. పెంటయ్యను. మా అమ్మ పెట్టిన పేరు," అన్నాడు. చాపల మీద కూర్చున్న ఆడవాళ్ళలో ఒకామె, నవ్వుతున్న మొగుణ్ణి మోచేత్తో పొడిచింది. ఇంకొకామె ఒళ్ళో పిల్లవాణ్ణి నిలబెట్టి ఇటు చూపించింది. నవ్వు ఎక్కడ ఆగిందో తెలియదు గాని, ఆగింది.

ఇక కథ సంగతి ఏం చెప్పమంటారు. విల్లు విరిగిన చోట చప్పట్లకు పందిరి గుంజలు కదిలాయి. కల్యాణం అయ్యాక ఎవరూ లేవలేదు, మంగళం మళ్ళీ పాడించుకున్నారు. హారతి పళ్ళెం తిరుగుతుంటే వెనక చాపల మీది ఆడవాళ్ళు తోసుకుంటూ వేదిక దగ్గరికి వచ్చి, పెంటయ్య బావూ, మా గుంటణ్ణి ఒక్కసారి ఎత్తు బావూ అంటూ పిల్లల్ని అతని చేతికి అందించసాగారు. పందిట్లో ఏ మూల విన్నా అదే పేరు. అంతకుముందు కిసుక్కుమన్న పెద్దమనుషులు కూడా అదే పేరు పెట్టి ఇటు చూడమని పిలుస్తున్నారు.

వెంకటరత్నం గారు శాలువా తెచ్చి కప్పారు. ఆయన కళ్ళు కూడా చెమ్మగిల్లి ఉన్నాయి. అయినా మనసులో మాట ఆపుకోలేక దాసుగారి దగ్గరికి వచ్చారు. "ఇంతటి కథకుడికి ఆ పేరేమిటండీ? రేపు మహా మహా సభలకు వెళ్ళవలసినవాడు. తమరు ఇంకా మార్చలేదేం?"

దాసుగారు శిష్యుడి వైపు చూశారు. ఎవరి పిల్లవాడో అతని చంకలో ఉన్నాడు. నడుము దగ్గర ఉత్తరీయం మడతల్లో తవుడు ఇంకా అంటుకునే ఉంది.

"ఆ పేరు మన కోసం పెట్టింది కాదండీ," అన్నారు. "వినవలసినవాడు ఆనాడే విన్నాడు. విని, వెనక్కి వెళ్ళిపోయాడు."