రాజుగారికి విస్తరి వేయని రోజు

చిలకేరు పారినంత మేరా ఒకప్పుడు కొలిమేడు అనే రాజ్యం ఉండేది. దాన్ని గజకేసరి మహారాజు ఏలేవాడు. ఆయన ఏ యుద్ధమూ చేసినవాడు కాదు. అయినా కోట ముందు ఆకాశాన్నంటే విజయద్వారం కట్టించుకున్నాడు.

ఆ ద్వారం మీద చెక్కిన పద్యం ఆస్థానకవి మల్లుభట్టుది. రాజును నవ్వించి బతకడం అతడి వృత్తి. రాయమన్నప్పుడు కాదనలేక రాసిచ్చాడు. ఆ దారిన వెళ్లేటప్పుడు మాత్రం తలెత్తి చూసేవాడు కాదు.

ఆ రాజ్యంలో ఒక ఆచారం ఉంది. ఇంట్లో మనిషి పోయినా, భోజనాల వేళ అతడికి విస్తరి వేయడం మానరు. అందులో ఒక ముద్ద పెట్టి, తరువాత పక్షులకు వేస్తారు. ఏరు తగ్గాక వచ్చే మొదటి పున్నమి నాడు జనమంతా పొద్దున్నే ఒడ్డున చేరి సాగనంపు పాట పాడతారు. ఆ ఏడు పోయినవాళ్ల పేర్లు ఒక్కొక్కటే పాటలో వస్తాయి. పేరు వచ్చిందంటే ఆ మనిషి సెలవు తీసుకున్నట్టే. ఆ పూట నుంచి అతడికి విస్తరి వేయరు. రాకపోతే మళ్లీ ఏడాది ఆగవలసిందే.

పున్నమి దగ్గర పడుతుండగా అంకమ్మ అనే ముసలావిడ మల్లుభట్టు ఇంటికి వచ్చింది.

"బాబూ, ఈ ఏడు పాట లేదంటున్నారు. నిజమేనా?"

"పాట ఉంది అవ్వా, పేర్లే లేవు. ప్రతి చరణంలోనూ రాజుగారి పేరే ఉండాలట. ఆ పాట నన్నే కట్టమన్నారు."

"మరి నా కొడుకు చెంచయ్య పేరో? పూటపూటా వాడికి ముద్ద పెట్టి, ఎదురుగా కూర్చుని తింటున్నాను. ఇంకో ఏడు లాగే సత్తువ నాకు లేదు నాయనా. నేనే ముందు పోతే వాణ్ణి సాగనంపేదెవరు?"

విజయద్వారం పైరాయి ఎత్తుతుంటే తాడు తెగి దాని కింద పడినవాడే చెంచయ్య.

మర్నాడు సభలో మల్లుభట్టు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. "మహారాజా, సాగనంపు పాట పొగడ్తల పాట కాదు. అందులో తమ పేరు..."

"నా ఏటి ఒడ్డున నా పేరు కాక కూలివాళ్ల పేర్లా?" అని రాజు మీసం దువ్వాడు. "నువ్వు కట్టు. మేము వింటాం."

"చిత్తం. పాట మారుస్తాను. పాట వెంట ఉన్న ఆచారం కూడా మార్చాలా?"

"ఎంత మాట! పెద్దల ఆచారం మార్చడానికి మేమేమైనా ధర్మం తప్పినవాళ్లమా? ఆచారం వెంట్రుకవాసి తప్పినా ఊరుకోం. అందరూ వినండి!"

అందరూ విన్నారు. వంటశాల పెద్ద మరీ శ్రద్ధగా విన్నాడు.

పున్నమి వచ్చింది. పాటపెద్ద కొత్త పాట ఎత్తుకున్నాడు. చరణం చరణానికీ గజకేసరి పేరూ బిరుదులూ మోగాయి. జనం వంత పాడలేదు. అంకమ్మ ఒడ్డున కూలబడిపోయింది. రాజు మాత్రం తృప్తిగా కోటకు తిరిగి వచ్చాడు. పొద్దుటి నుంచి ఉపవాసం, కడుపు నకనకలాడుతోంది.

విందుశాలలో అందరికీ విస్తళ్లు వేశారు. వడ్డన సాగిపోయింది. రాజుగారి ముందు ఉత్త నేల ఉంది.

"ఏరా, నా విస్తరేదీ?" అని రాజు అరిచాడు.

వంటశాల పెద్ద మల్లుభట్టు వైపు చూశాడు.

"వాడేం చేస్తాడు మహాప్రభో?" అన్నాడు మల్లుభట్టు. "తమరు సాగిపోయారు కదా. పాటలో పేరు వచ్చినవారికి ఆ పూట నుంచి విస్తరి లేదు. మామూలు మనిషి ఒక్క చరణంలో పోతాడు. తమరు బిరుదులన్నిటితో చరణం చరణానికీ పోయారు. ఆచారం వెంట్రుకవాసి తప్పకూడదని తమ ఆజ్ఞ!"

రాజు మొహం ఎర్రబడింది. పక్కవాడి విస్తట్లో పులిహోర కేసి చూశాడు. తన ముందున్న నేల చూసుకున్నాడు. ఉన్నట్టుండి పగలబడి నవ్వాడు.

"నన్ను బతికుండగానే పంపించేశావు కదయ్యా! సరే, తిరిగొచ్చే దారేమిటి?"

"పొద్దు వాలేలోగా అసలు పాట పాడితే తప్పు దిద్దుకున్నట్టే."

"పాడించు!" అని రాజు తన చేతి కంకణం తీసి మల్లుభట్టుకు తొడిగాడు.

అందరూ మళ్లీ ఒడ్డుకు వెళ్లారు. పాటపెద్ద పాత పాట ఎత్తుకున్నాడు. ఈసారి జనం గొంతు కలిపారు. పేర్లు ఒకటొకటే వచ్చాయి. చెంచయ్య పేరు దగ్గర జనం అంకమ్మ వైపు తిరిగారు.

"ఎవరితడు?" అని రాజు అడిగాడు.

"తమ ద్వారం పైరాయి కింద పడినవాడు," అన్నాడు మల్లుభట్టు. దాన్ని పొగిడి పద్యం రాసిన తప్పు నాదీ అని కూడా చెప్పాలనుకున్నాడు. చెప్పకుండానే ఏటి వైపు తిరిగి పాటలో గొంతు కలిపాడు.

రాజు నవ్వు ఆగిపోయింది. తిరిగి వచ్చాక కోటలో ఆయనకు విస్తరి వేశారు. దాని ముందు కూర్చున్నాడు గాని ముద్ద ముట్టలేదు.

మల్లుభట్టు విందుకు వెళ్లలేదు. కంకణం పట్టుకుని అంకమ్మ గుడిసెకు వెళ్లాడు. ఆమె పొయ్యి ముందు చేటలో బియ్యం పెట్టుకుని కూర్చుని ఉంది. కంకణం ఇవ్వబోతే తలెత్తి చూడనైనా చూడలేదు.

"పాట పాడించావు బాబూ, నీ మేలు మరవను. ఈ పొద్దుటిదాకా వాడు ఇంట్లోనే ఉన్నట్టుండేది."

కాసిన్ని బియ్యం చేతిలోకి తీసుకుంది. కొన్ని తిరిగి చేటలో పోసింది. మళ్లీ తీసుకుంది.

"ఒక్కదానికి ఎసట్లో ఎన్ని పోయాలి నాయనా? మరిచేపోయాను."