గట్టెక్కించిన సరస్వతి ఆకు

అనగనగా ఒక అడవిలో, ఎండ తొంగి కూడా చూడని నేరేడు చెట్ల నీడలో, భల్లయ్య అనే ఎలుగుబంటికి ఒక గుహ ఉండేది. భల్లయ్య మంచివాడే, కానీ మహా మతిమరుపు. మూతికి తేనె పూసుకుని తేనెపట్టు కోసం వెతికే రకం.

గుహ పైన ఏటవాలు గట్టు. ఆ నీడకు అక్కడ గడ్డి కూడా మొలిచేది కాదు. ముసురు పట్టిందంటే గట్టు మట్టంతా బురదై గుహలోకి దిగేది. పోయినేడు భల్లయ్య చిన్న పిల్ల అందులో నడుందాకా కూరుకుపోయింది. దాంతో భార్య నల్లమ్మకు ఓపిక నశించింది.

"ఈ ముసురుకీ బురదొస్తే పిల్లల్ని తీసుకుని మా పుట్టింటికి పోతాను" అంది.

భల్లయ్య వాగు దగ్గరున్న తాబేలు తాత దగ్గరికి పరుగెత్తాడు. తాత అతనికి సరస్వతి ఆకు తీగలిచ్చాడు. ఇది నీడలోనే హాయిగా పాకుతుందని, ఏడాది పొడుగునా పచ్చగా ఉంటుందని, కణుపు తడినేలను తాకితే చాలు వేరు దిగి మట్టిని పట్టుకుంటుందని చెప్పాడు. తింటే మతిమరుపు కూడా పోతుందంటారని నవ్వాడు.

"నాటి ఊరుకో నాయనా, అంతే" అన్నాడు.

గట్టు మీద నాటాల్సింది పోయి, నల్లమ్మ కంట పడాలని భల్లయ్య గుమ్మం ముందే నాటాడు. మర్నాడు చూసి, ఈ కలుపెక్కడిదని తిట్టుకుంటూ పీకి గట్టు మీదికి విసిరేశాడు. మళ్లీ తాత దగ్గరికి పరుగు. రెండోసారి నాటిన సంగతి గుర్తుంది గానీ, వేరు దిగిందో లేదోనని పూటకోసారి పీకి చూశాడు. తీగలు వాడిపోయాయి. అవీ గట్టు మీదికే పోయాయి. మూడోసారి ఆయనగారికి ఒక గొప్ప ఆలోచన వచ్చింది. ముందు మతిమరుపు పోగొట్టుకుంటే సరి కదా అని కూర్చుని మొత్తం మేసేశాడు. ఆఖరి ఆకు నములుతుండగా గుర్తొచ్చింది, అవి నాటాల్సినవని.

ఇంక తాతకు ముఖం చూపించలేక ఊరుకున్నాడు.

భాద్రపదంలో ముసురు పట్టింది. మూడు రోజులు ఎడతెరిపి లేని వాన. నల్లమ్మ మూట కట్టింది. భల్లయ్య వెక్కి వెక్కి ఏడ్చాడు. బురద మాత్రం రాలేదు. ఏమైందా అని ఇద్దరూ బయటికొచ్చి చూస్తే, గట్టంతా చాప పరిచినట్టు గుండ్రటి పచ్చటి ఆకులు.

"నేనే నాటాను" అన్నాడు భల్లయ్య, ఛాతీ విరుచుకుని.

నల్లమ్మ గుమ్మం ముందున్న బోడి నేలను చూసింది. గట్టు వైపు చూసింది.

"మీరు నాటినవి ఇక్కడ చచ్చాయి. మీరు మరిచిపోయినవి అక్కడ బతికాయి" అంటూ మూట విప్పింది.

నీతి: నాటడం మన వంతు, ఎదగడం మొక్క వంతు. దాని వంతులో మనం వేలు పెట్టకూడదు.