కోడిపెట్ట, రంగుల పెట్టె

అనగనగా ఒక ఊళ్ళో ఒక ఇల్లు, ఇంటి వెనక ఒక కోళ్ళ గంప. ఆ ఇంట్లో అందరికన్నా చిన్నది మంగతాయి. గౌను దగ్గర్నుంచి పలక దాకా దానికన్నీ అక్కలు వాడి వదిలేసినవే. తనదంటూ ఒక్కటీ లేదు తల్లీ.

వేసవి సెలవులకి మేనమామ కూతురు సులోచన వచ్చింది. చేతిలో ఒక రంగుల పెట్టె, ఆరు ముఖాల నిండా రంగురంగుల బిళ్ళలు. ఇటు తిప్పితే ఎరుపు పోతుంది, అటు తిప్పితే నీలం వస్తుంది. ఒక్కో ముఖానికి ఒక్కో రంగు కుదర్చాలి.

"నేను బస్సెక్కేలోగా కుదిర్చావా, ఇది నీదే" అంది సులోచన. "లేదంటే నాతోనే వచ్చేస్తుంది. నేర్పమని మాత్రం అడక్కు."

"అడగన్లే వదినా" అంది మంగతాయి.

మొదట ఊరికే తిప్పింది. గానుగెద్దులా తిప్పింది. ఎలాగో తెల్ల ముఖం కుదిరింది. ఇంకో రంగు కోసం కదిపితే ఆ తెలుపూ చెదిరిపోయింది.

ఆ తర్వాత ఒక ఆకుపచ్చ బిళ్ళని గోటితో పీకింది. వేరే చోట అంటిద్దామనుకుంది. చేతులాడలేదు. 'ఇలా గెలిస్తే అది నాదెలా అవుతుంది' అనుకుని, అన్నం మెతుకుతో మళ్ళీ దాని చోటే అంటించింది.

ఒకనాడు పొద్దుగూకే వేళ, వాళ్ళమ్మ కోళ్ళని గంప కింద కమ్ముతోంది. ఒక పిల్ల బయటే ఉండిపోయింది. ఎంత తరిమినా దొరకదు.

"గంప ఎత్తకే అమ్మా, లోపలివన్నీ చెదిరిపోతాయి" అంది మంగతాయి.

"ఓసి పిచ్చిదానా, చూడు" అని వాళ్ళమ్మ గంప ఓరగా ఎత్తి, పెట్టని బయటికి తీసింది. పెట్ట కొక్కొక్కొ అంది. తప్పిపోయిన పిల్ల పరిగెత్తుకొచ్చి రెక్క కింద దూరింది. రెండిట్నీ కలిపి లోపలికి తోసి గంప దించేసింది.

మంగతాయి చేతిలో పెట్టె వైపు చూసింది. కుదిరినదాన్ని కదపకూడదనే కదా ఇన్నాళ్ళూ బిగబట్టుకు కూర్చుంది. కదపాలి. కాస్త బయటికి తెచ్చి, జతని కలుపుకుని, రెండిట్నీ ఒక్కసారే లోపలికి పంపాలి.

ఒక వరస కుదిరింది. రెండో వరస కుదిరింది. ఆఖరి వరస మాత్రం రోజుల తరబడి ఏడిపించింది. అయినా చెదిరిందని భయపడలేదు. తీసింది, కలిపింది, మళ్ళీ పెట్టింది.

సులోచన ఊరెళ్ళే రోజు వచ్చింది. మంగతాయి రంగులన్నీ కుదిర్చిన పెట్టె తెచ్చి చేతికిచ్చింది.

"ఈ బిళ్ళ వంకరగా ఉందే. పీకి అంటించావు కదూ, దొంగా."

"పీకాను వదినా. మళ్ళీ దాని చోటే పెట్టాను. నమ్మకపోతే నువ్వే చెడగొట్టు."

సులోచన కసితీరా చెడగొట్టింది. మంగతాయి అరుగు మీద కూర్చుని తిప్పసాగింది. సందు చివర బస్సు హారను కొట్టింది. తీసుకెళ్ళడానికొచ్చిన మేనమామ రమ్మని కేకేశాడు. సులోచన కదిలితేగా. కళ్ళార్పకుండా చూస్తోంది. ఆఖరి తిప్పుకి ఆరు ముఖాలూ ఆరు రంగులై మెరిశాయి.

సులోచన పెట్టె అడగలేదు. పరిగెత్తి బస్సెక్కి, కిటికీలోంచి తల బయట పెట్టింది.

"మళ్ళీ సెలవులకి నాకూ నేర్పవే మంగా. నాకది ఎప్పుడూ కుదర్లేదు."

పిల్ల వెళ్ళె గూటికి,
రంగు వెళ్ళె చోటికి,
కథ వెళ్ళె కంచికి,
నువ్వు వెళ్ళు నిద్దరకి.