దండెం మీది పరికిణీ

తిప్పనార్యులవారికి ఒక అలవాటుండేది. ప్రశ్న అడిగినవాడికి జవాబు చెప్పరు. చెప్పులు వేసుకుని "పద" అంటారు. ఎక్కడికని అడిగితే అది రెండో ప్రశ్న అవుతుంది కాబట్టి, శిష్యులు నోరు మూసుకుని వెంట నడవడం నేర్చుకున్నారు. మారన ఒక్కడికే ఆ విద్య పట్టుబడలేదు. తెలివైనవాడే గాని, తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళనే రకం.

ఆనాడు మారన అడిగింది చిత్తరికొండ మీద పుట్టిన ప్రతివాడూ ఎప్పుడో ఒకప్పుడు అడిగేదే.

"గురువుగారూ, మింటివారు మన చచ్చిపోయినవాళ్ళేనా, కాదా? ఏదో ఒకటి తేల్చి చెప్పండి."

కొండ ఎరగనివారికోసం కాస్త చెప్పాలి. చలికాలమంతా అక్కడ మబ్బు గుమ్మందాకా వచ్చి కూర్చుంటుంది. ఆ మబ్బులో ఉండేవాళ్ళే మింటివారు. వాళ్ళకి ఒళ్ళు లేదు. ఆరేసిన బట్ట కనిపిస్తే అందులో దూరి, దానికి తగ్గ ఆకారం తెచ్చుకుని, వాకిట్లో కాసేపు తిరిగి వెళ్ళిపోతారు. కీడు చెయ్యరు. అయినా ఎందుకొచ్చిన గొడవని, మబ్బు ఎక్కేలోగా ఆడవాళ్ళు దండెం మీది బట్టలు లోపలికి తెచ్చేసుకుంటారు. ఎవరైనా మరిచిపోతే, అలా లేచి నిలబడ్డ బట్టతో మాట్లాడరు, దాన్ని మళ్ళీ ఒంటిమీద వేసుకోరు. మింటివారికి సొంత మాటంటూ లేదు. మనం నేర్పిందే మనకు తిప్పి చెబుతారు. ఇక చలి విరిగి మబ్బు లోయలోకి దిగేటప్పుడు, దానితో పాటు వెళ్ళలేకపోయిన మింటివాడు పళ్ళెంలో కర్పూరంలా ఉన్నచోటే హరించిపోతాడు. ఇవన్నీ అక్కడ పసివాళ్ళకి కూడా తెలుసు.

ఉన్ని వడుక్కుని బతికే బయ్యమ్మకీ తెలుసు. ఆ ఏడు వానల్లో ఆవిడ కూతురు గోరంట జ్వరంతో పోయింది. చలి మొదలవగానే బయ్యమ్మ పిల్ల పరికిణీ, రవికా ఉతికి, కావాలనే దండెం మీద వదిలేసింది. మబ్బు ఎక్కింది, పరికిణీ నిండింది. ఆవిడ దాన్ని లోపలికి పిలిచి "అమ్మా అను" అంది. అది అంది. ఆ తరవాత బయ్యమ్మ దాని నడుం బొందు రాట్నానికి ముడివేసి, తలుపు మూసుకుంది.

మారన ప్రశ్న విని గురువుగారు "పద" అని తీసుకెళ్ళింది ఆ ఇంటికే. వాళ్ళు వెళ్ళిన మధ్యాహ్నానికి చలి విరిగింది. మబ్బు వాకిళ్ళు వదిలి లోయవైపు జారుతోంది. బయ్యమ్మ ఇంటిముందు జనం. పక్కింటావిడ తలుపు బాది బాది తీయించింది. "వదిలెయ్యి వదినా, ఒక ప్రాణం ఉసురు పోసుకోకు" అని బతిమాలుతోంది. లోపల పరికిణీ అప్పటికే సగానికి వాలిపోయి ఉంది. "అమ్మా" అంటోంది గాని, గొంతు బాగా పలచబడింది.

మారన ఆగలేకపోయాడు. "ఒక్క ప్రశ్నతో తేల్చేస్తాను" అంటూ లోపలికి వెళ్ళి, దాని ముందు గొంతుక్కూర్చున్నాడు.

"పాపా, మీ నాన్న పేరేమిటి?"

"అన్నం తిన్నానమ్మా" అంది పరికిణీ.

"మీ నాన్న పేరు?"

"అన్నం తిన్నానమ్మా."

నాన్న పేరు నేర్పాలని బయ్యమ్మకి తోచలేదు. మారన లేచి, కాస్త మెత్తగానే చెప్పాడు. "చూశావుగా అక్కా. ఇది నీ గోరంట కాదు. నువ్వు నేర్పిన ముక్కలు తప్ప దీనికేమీ రావు. ఇక ముడి విప్పెయ్యి."

బయ్యమ్మ పరికిణీ వంక చూసింది.

"నా పిల్ల కాదా?"

"కాదు."

"నా పిల్లయితే వదిలేదాన్నేమో బాబూ, ఎక్కడో ఒకచోట ఉంటుందని. ఎవరిదో అయితే నాకెందుకు? నా పిల్ల పోయింది. ఇదీ పోనీ." అని రాట్నం పక్కనే గోడకు చేరగిలబడింది.

మారన నిజం చెప్పాడు, దానివల్ల ఉన్న కాస్త ఆశా పోయింది. పక్కింటావిడ వాడివైపు చూసిన చూపు ఇక్కడ రాయడం బాగుండదు.

గురువుగారు అంతవరకూ వాకిట్లోనే ఉన్నారు. ఇప్పుడు భుజమ్మీది గొంగడి తీసి దండెం మీద వేశారు. ఆయనకున్నది అదొక్కటే. జారిపోతున్న మబ్బు చివరి కొస దానికి తగిలింది. గొంగడి మెల్లగా నిండి, భుజాలు తెచ్చుకుని, దండెం దిగింది. మింటివారు వాకిట్లో ఊరికే అటూ ఇటూ తిరుగుతారు. ఇది తిరగలేదు. తిన్నగా గుమ్మం దగ్గరికి వచ్చి నిలబడింది. ఎవరూ పలకరించలేదు కాబట్టి దానికి మాట లేదు. వెనకాల మబ్బు లోయలోకి దిగిపోతోంది.

"అమ్మా," అన్నారు గురువుగారు లోపలికి చూసి, "మీ గుమ్మంలో ఎవరో నిలబడ్డారు. మబ్బు వెళ్ళిపోతున్నా కదలడం లేదు."

ఆయన అన్నది అంతే.

బయ్యమ్మ తల తిప్పి చూసింది. వానల్లో వైద్యుడి గుమ్మం ముందు తను కూడా అలాగే నిలబడింది, లోపలినుంచి ఏం చెబుతారోనని. ఆ నిలబడడం ఆవిడకి తెలుసు. లేచి, ముడి విప్పడానికి చూసింది. రాకపోతే పంటితో లాగింది. పరికిణీని గుమ్మందాకా నడిపించి, "నీ పిల్లని తీసుకెళ్ళు తల్లీ. ఎంత బతిమాలినా ముద్ద ముట్టలేదు" అంది.

పరికిణీ గొంగడి పక్కన చేరింది. రెండూ వాకిలి దాటి కొండ అంచుకి వెళ్ళి, అక్కడ బట్టలు వదిలేసి, మబ్బులో కలిసిపోయాయి. బయ్యమ్మ గడపమీద కూలబడి గట్టిగా ఏడ్చింది. కూతురు పోయిననాడు కూడా ఆవిడ అలా ఏడవలేదని పక్కింటావిడ తరవాత చెప్పింది. ఆ సాయంత్రం పక్కింటావిడే బయ్యమ్మకి కాస్త అన్నం కలిపి తినిపించిందట.

దిగివచ్చేటప్పుడు గురువుగారు చలికి చేతులు ముడుచుకుని నడుస్తున్నారు. మారన ఊరంతా దాటేదాకా ఓర్చుకున్నాడు. అక్కడ ఇక ఓర్చుకోలేకపోయాడు.

"గురువుగారూ, అది నిజంగా దాని తల్లేనా? లేకపోతే మీ గొంగడి గాలికి అటు కొట్టుకొచ్చిందా?"

"బయ్యమ్మ ఆ మాట అడగలేదు నాయనా," అన్నారాయన. "అడుగుతూ కూర్చునుంటే, ఆ ముడి ఎవరు విప్పేవారు?"