తువ్వాలు కప్పిన కోట

లోహిత్ చేసిన నింజా వీడియో ఆటని మెచ్చుకోని వాళ్లు లేరు. చివరిదాకా ఆడిన వాళ్లూ లేరు. అదీ వాడి బాధ.

చూడ్డానికి ఎంత బాగుంటుందని! మంచు కమ్మిన కోట, వెన్నెల్లో తడిసిన పెంకులు, నీడల్లో నక్కి నడిచే ఒక్క నింజా, వెనక గుండెని పిండే వేణువు. రెండేళ్లు ఒక్కడే కూర్చుని చేశాడు. ఆడేవాళ్లేమో ఆ మంచులో కాపలావాడు ఎటునుంచి వస్తున్నాడో తెలియక, మొదటి గోడ దగ్గరే కత్తికి బలై, "బొమ్మ అద్భుతం, ఆట అన్యాయం" అని రాసి పోతున్నారు. రాబోయే అప్‌డేట్‌తో కూడా ఆట నిలబడకపోతే ఇక ఆటలు చెయ్యనని ఒట్టేసుకుని, తనకీ విద్య నేర్పిన దాలినాయుడు మాస్టారి దగ్గరికి విశాఖ వెళ్లాడు.

"ఆడ్డం రానివాళ్లకి నేనేం చెయ్యను మాస్టారూ? నేనైతే కళ్లు మూసుకుని దాటేస్తాను."

మాస్టారు భుజమ్మీది తువ్వాలు తీసి తెర మీద కప్పారు. "ఏదీ, దాటు."

లోహిత్ దాటేశాడు. ప్రతి మలుపూ వాడి వేళ్లకి కంఠతా వచ్చు. తువ్వాలు తీసి చూస్తే నింజా కోట లోపల దర్జాగా నిలబడి ఉన్నాడు. లోహిత్ మొహం వెలిగిపోయింది.

మాస్టారు మళ్లీ తువ్వాలు కప్పి కంట్రోలర్ అందుకున్నారు. నాలుగడుగులు వేశారో లేదో, వేణువు మధ్యలో కత్తి చప్పుడు. మళ్లీ మొదలెట్టారు. మళ్లీ చచ్చారు.

"కాపలావాళ్లని నిలబెట్టిన చెయ్యి నీది," అన్నారు. "వాడొస్తన్నాడని నాకెవరు చెప్తారు నాయనా?"

లోహిత్ తలొంచుకుని ఇంటికొచ్చాడు. అప్‌డేట్ కోసం దాచిన కొత్త కత్తులు, కొత్త పాట అన్నీ పక్కన పడేశాడు. ఉన్న వేణువునీ తీసేశాడు. ప్రాణం ఉసూరుమంది. ఆ చోట కీచురాళ్లని పెట్టాడు. కాపలావాడు దగ్గరికొస్తే అవి ఆగిపోతాయి, దూరం పోతే మళ్లీ అందుకుంటాయి. అంతే.

తయారైన అప్‌డేట్ పట్టుకుని మళ్లీ వెళ్లాడు. మాస్టారు అడక్కుండానే తువ్వాలు కప్పి ఆట మొదలెట్టారు. గదంతా కీచురాళ్లే. నింజా గోడవారన మెల్లగా నడుస్తున్నాడు.

ఉన్నట్టుండి కీచురాళ్లు ఆగిపోయాయి.

మాస్టారి బొటనవేలు ఆగింది. అంత పెద్దమనిషీ చిన్నపిల్లాడిలా ఊపిరి బిగబట్టి కూర్చున్నారు. ఆయన్నలా చూస్తుంటే లోహిత్‌కి కళ్లు చెమర్చాయి. లోపలేమైందో చూద్దామని తువ్వాలు అంచు పట్టుకున్నాడు.

మాస్టారు వాడి చెయ్యి నెట్టేశారు.

"ఉండరా," అన్నారు గుసగుసగా. "వాడింకా పోలేదు."