ఎర్ర పట్టీ

పద్మాక్షిగారిని ఏదైనా అడిగితే వాదనకు దిగరు, స్వయంగా చూసి రావడానికి చెప్పులు వేసుకుంటారు. డేటాబేస్‌ల మరమ్మతులో తల పండిన మనిషి. ఆవిడ దగ్గర పని నేర్చుకునేవాళ్లకు ఆ చెప్పుల చప్పుడంటే హడలు.

ఒకరోజు శిష్యుడు త్రినాథ్ అడిగాడు: "మేడమ్, పాల డెయిరీలో రిపోర్టుల సాఫ్ట్‌వేర్‌కి డేటాబేస్‌తో కనెక్షన్ తెగినప్పుడల్లా తెర మీద ఎర్ర పట్టీ వస్తోంది. మేనేజరుగారు నన్ను చెడామడా వాయించేస్తున్నారు. అందుకని కనెక్షన్ దొరక్కపోతే, పట్టీ బదులు చివరిసారి అందిన అంకెలే కనిపించేలా పెట్టాను. తప్పంటారా?"

ఆవిడ చెప్పులు వేసుకున్నారు.

డెయిరీలో మేనేజరు సన్యాసినాయుడు ఎదురొచ్చాడు. నోటి దురుసుకు పేరుమోసిన మనిషి ఆ రోజు పొంగిపోతున్నాడు. "మీవోడు బంగారమండీ! వారం నుంచీ ఆ ఎర్ర పీడ వదిలిపోయింది" అన్నాడు. తెర మీద మూడో ట్యాంకు నిండుగా ఉంది. దాన్ని చూసి, ఆయన పొద్దున పిల్లల ఆసుపత్రికి సాయంత్రం పాలు పంపుతానని మాటిచ్చాడు. ఆ మాట నమ్మి వాళ్లు వేరే డెయిరీని వద్దనేశారు కూడా.

"నాయుడుగారూ, ఆ ట్యాంకు ఒకసారి చూపిస్తారా?" అన్నారు పద్మాక్షిగారు.

వెళ్లి మూత తీశారు. లోపల ఖాళీ. రాత్రి షిఫ్టువాళ్లు పాలు ఊళ్లోకి పంపేసి, ట్యాంకు కడిగి పెట్టారు. త్రినాథ్ మొహం పాలిపోయింది. జాలి వేస్తుంది నిజమే గాని, సాయంత్రం గ్లాసులు పట్టుకుని కూర్చునే పిల్లలు గుర్తొస్తే ఆ జాలి కాస్తా ఆవిరైపోతుంది.

త్రినాథ్ తను పెట్టిన ఏర్పాటు తీసేశాడు. వెంటనే ఎర్ర పట్టీ వచ్చింది: పాస్‌వర్డ్ చెల్లదు. నిన్న సాయంత్రం హెడ్డాఫీసువాళ్లు దాన్ని మార్చారు. సాఫ్ట్‌వేర్‌లో పాతదే ఉండిపోయింది. సరిచేయడానికి టీ తాగినంత సేపు కూడా పట్టలేదు.

పక్కగదిలో సన్యాసినాయుడు ఫోన్ పట్టుకుని, "పాలు లేవండి... తప్పు మాదేనండి" అంటున్నాడు. ఆ గొంతు అంత తగ్గడం అక్కడెవరూ అంతకుముందెప్పుడూ వినలేదు. తర్వాత బయటికొచ్చి, త్రినాథ్‌ని పల్లెత్తు మాట అనకుండా, పాలు వెతకడానికి జీపెక్కి వెళ్లిపోయాడు.

తిరుగుదారిలో త్రినాథ్ మెల్లగా అన్నాడు: "మళ్లీ పట్టీ వస్తే ఆయన మళ్లీ తిడతారు కదా మేడమ్?"

"తిట్టనీ" అన్నారావిడ. "ఇవాళ తిట్టలేదు, ఏమైందో చూశావుగా."