పుల్లన్న ఊపు, ఓబులక్క పట్టు

గుట్టమీది నున్నటి బండ కిందికి దిగి, చదునై, సరిగ్గా కందకం అంచున ఆగుతుంది. కందకానికి అవతల కోళ్లదొడ్డి. తాటిమట్ట మీద కూర్చుని పైనుంచి జారితే, ఆ ఊపుకు నక్క పుల్లన్న కందకం దాటి దొడ్డిలో పడేవాడు. పడి ఏం లాభం? కోళ్లగంప మీద బరువైన రాయి. దాన్ని కదిపే పట్టు అతనికి లేదు. ఉత్త వాసన పీల్చుకుని, వీధివైపు కుక్కలను తప్పించుకుని రావడమే మిగిలేది.

పట్టు ఉన్నది ఉడుము ఓబులక్కకు. ఒళ్లూ బరువైనదే, ఇంచుమించు నక్కంత.

"అక్కా, నీకు గుడ్లు, నాకు కోళ్లు," అన్నాడు పుల్లన్న.

"ఈ ఒంటితో గుట్ట ఎక్కలేను తమ్ముడూ."

"ఎక్కడమెందుకు? బండ దిగువన కూర్చో. నేను జారి వస్తాను, వచ్చి తగలగానే గట్టిగా పట్టుకో. ఇద్దరం ఒక్క గెంతులో అవతల."

ఓబులక్క నాలుక చాపి ఆలోచించింది. "నువ్వు పరుగు మీద వస్తావు, నేను కూర్చుని ఉంటాను. నన్ను లాగడానికి నీ ఊపే కదా ఖర్చయ్యేది?"

"ఒకటికి రెండు తోడైతే బలం పెరుగుతుందంటారు, తరుగుతుందని ఎవరన్నారు?"

అతని లెక్క వేరే ఉంది. తిరిగొచ్చేటప్పుడు కుక్కలకు ఎవరో ఒకరు దొరకాలి కదా. నిదానంగా నడిచేది ఓబులక్కే.

మర్నాడు పుల్లన్న బాణంలా జారి వచ్చాడు. ఓబులక్క, ఒప్పుకున్న మాట ప్రకారం, పట్టుకుంది. ఉడుముపట్టు. అంతే, అంతటి వేగమూ సగానికి పడిపోయింది. ఇద్దరూ ఒక్క ముద్దగా బండ అంచు దాటి, నడి కందకంలో బురదలో కూలబడ్డారు.

"ముంచావు కదక్కా," అన్నాడు పుల్లన్న, మూతి తుడుచుకుంటూ.

"పట్టుకోమన్నావు, పట్టుకున్నాను. నీ ఊపు ఎక్కడికీ పోలేదు తమ్ముడూ, ఇద్దరం పంచుకున్నాం."

చప్పుడుకు కుక్కలు కందకం అవతలి అంచుకు వచ్చాయి. ఓబులక్క ఇవతలి గోడకు గోళ్లు దిగేసి పాకడం మొదలుపెట్టింది.

"అక్కా, నీ తోక పట్టుకోనా?" అని బతిమాలాడు పుల్లన్న.

"వద్దు. ఈ పట్టు నా ఒక్కదానికే సరిపోతుంది," అంటూ పైకెక్కి, బండ చాటుకు వెళ్లిపోయింది.

కుక్కలు తొందరపడలేదు. ఒక్కొక్కటే కిందికి దిగాయి.

నిలుచున్నవాణ్ణి తగిలించుకున్న పరుగు రెట్టింపు కాదు, సగమవుతుంది.